తూము దగ్గర కనపడకూడదు

జూలై 3

మళ్లీ బందరు. మళ్లీ అదే ఇరిగేషన్ ఆఫీసు వరండా. నాన్న కిందటి కార్తీకంలో పోయాడు, ఆయన ఉద్యోగం నాకివ్వమన్న ఫైలు ఇంకా "నడుస్తోంది". క్లర్కు గారు తలెత్తకుండానే, "కారుణ్య నియామకం కదా బాబూ, ఓపిక పట్టాలి" అన్నారు.

కారుణ్యం. కాలవ లస్కరుగా తూములు ఎత్తుతూ దించుతూ బతుకంతా గట్ల మీద తిరిగిన మనిషి చాకిరీకి వీళ్లు పెట్టిన పేరు. నోటిదాకా వచ్చింది. అమ్మ మోచెయ్యి పట్టుకుంది. మింగేశాను.

చల్లపల్లిలో బస్సు మారాం. అమ్మ టీ కూడా వద్దంది.

జూలై 5

తెల్లారగట్ల తూముకి. శివారు పొలాలకి ఇవాళ నీళ్ల వంతు. షట్టరు బిగుసుకుపోయి ఉంది, ఇంటి నుంచి తెచ్చిన హ్యాండిల్ తగిలించి, నాన్నలాగే భుజం ఆనించి తిప్పాను. జీతం లేదు, ఆర్డరు లేదు. కర్మకాండ అయిన మర్నాటి నుంచీ ఇదే. "చేస్తూ ఉండవయ్యా, ఎలాగూ నీ పోస్టే" — ఇంజనీరు గారు.

నేను చదివే పుస్తకాల్లో దీన్ని వెట్టి అంటారు. టీ కొట్టు దగ్గర వెట్టి మీద గంటలు మాట్లాడేదీ నేనే.

పొరుగింటి సుబ్బారావు బాబాయ్ గట్టు మీద నుంచి — "ఏరా, విప్లవం బయల్దేరిందా?"

"ముందు నీ నారుమడికి నీళ్లు చేరనీ బాబాయ్."

"అది చేరితే నాకు చాల్లే, రెండోది నిదానంగా రమ్మను."

జూలై 6

తండ్రి ఉద్యోగం కొడుక్కేమిటి, జమీందారీయా అని నాన్నతోనే వాదించాను ఒకసారి. అన్నం కలుపుతూ, "అయితే పరీక్ష రాసి తెచ్చుకో" అన్నాడు. రాశాను... రాలేదు.

జూలై 9

ఎల్లుండి ఫైలు విచారణకి రెవెన్యూ ఆఫీసు నుంచి ఆర్.ఐ. గారు వస్తారట. ఇంట్లో సంపాదించేవాళ్లు లేరని తేలాలి. అమ్మ — "నువ్వు నోరెత్తకు. నీ నోరు నాకు తెలుసు."

జూలై 11

ఎత్తలేదు. ఎత్తింది బాబాయ్.

ఆర్.ఐ. గారు మంచినీళ్లు తాగి, పొరుగువాళ్లని కూడా అడగాలని లేచారు. బాబాయ్ కండువా సర్దుకుని ఎదురొచ్చాడు. "కుర్రాడు బంగారమండీ. ఉద్యోగం ఎప్పుడో చేస్తున్నాడు. వాళ్ల నాన్న పోయాక ఒక్క వంతు తప్పలేదు. నూర్పిళ్లకి రైతులం తలా కాసిని వడ్లు కూడా కొలిచాం. మీరు కాగితం ఇవ్వడమే తరువాయండీ."

"అంటే సంపాదిస్తున్నాడన్నమాట."

"ఎందుకు సంపాదించడండీ!"

మా పరువు కాపాడాననుకున్నాడు పాపం. ఆర్.ఐ. గారు రాసుకున్నారు.

జూలై 12

అమ్మ మాట్లాడటం లేదు. నాతోనూ, బాబాయ్‌తోనూ.

జూలై 15

బందరు. "కొడుకు పనిలో ఉన్నట్టు రిపోర్టు వచ్చింది, ఫైలు ఆపేశారు" అన్నారు క్లర్కు గారు.

"జీతం ఎవరిస్తున్నారండీ నాకు?" — అరిచాను. వరండా అంతా తిరిగి చూసింది. ఆయన మాత్రం మెల్లిగా, "పని చెయ్యడం లేదని మీ ఇంజనీరు గారితో రాయించుకురా, మళ్లీ పెడతాను" అన్నారు. నా అరుపు మీద నాకే రోత పుట్టింది.

జూలై 17

ఇంజనీరు గారు రాసిచ్చారు. చేతిలో పెడుతూ, "ఇక తూము దగ్గర కనపడకు. మళ్లీ విచారణకి వస్తారు. ఎవరైనా ఫొటో తీస్తే నా మెడకి చుట్టుకుంటుంది."

పని కావాలంటే పని చెయ్యకూడదు. ఏ పుస్తకంలోనూ చదవలేదు ఇది.

తూము ఇకనుంచి పక్క లాకుల లస్కరు చూస్తాడట. ఆయనకున్నవే ఆయన చూడలేకపోతున్నాడు. హ్యాండిల్ కోసం కూడా రాలేదు, మా మంచం కిందే ఉంది.

జూలై 20

శివారు వంతు ఇవాళ. ఆ లస్కరు రాలేదు. సాయంత్రం బాబాయ్ గుమ్మంలో నిలబడ్డాడు, లోపలికి రాలేదు. "హ్యాండిల్ ఇలా ఇయ్యరా, మేమే తిప్పుకుంటాం. నారు ఎర్రబడిపోతోంది."

రైతు చేతికి హ్యాండిల్ ఇవ్వకూడదు — నాన్న మాట. ఇవాళ వీళ్లకిస్తే రేపు ఎగువ పొలాలవాళ్లు అడుగుతారు, శివారుకి చుక్క దిగదు.

ఇవ్వలేదు. తూముకి నేను వెళ్లనూ లేదు. బాబాయ్ కండువా దులుపుకుని వెళ్లిపోయాడు... తిట్టినా బాగుండేది.

జూలై 21

లేచేసరికి మంచం కింద హ్యాండిల్ లేదు. అమ్మా లేదు.

బోదె కాలవలో నీళ్ల చప్పుడు ఇంకా వినపడటం లేదు. ఆ షట్టరు అమ్మ ఒక్కదాని వల్ల అయ్యేది కాదు. గట్టు మీద అప్పుడే జనం తిరుగుతున్నారు, నేను వెళ్తే కనపడతాను.

గుమ్మంలో నిలబడి రాస్తున్నాను.