జీడి షెడ్డులో పట్నం పుస్తకం

సీతక్కా,

నువ్వు పోయి నేటికి ఏడాది. నీ పట్నం వ్యాసాల పుస్తకం ఇవాళ మన జీడి షెడ్డుకి తీసుకెళ్లాను. ఒలిచిన పప్పు తూకాన్ని బట్టే కూలి కాబట్టి, నువ్వు మాకు చదివి వినిపించినంతసేపూ అందరం తలో గుప్పెడు నీ చేటలో వేసేవాళ్లం. ఈసారి చదవడం నా వంతయింది. వాన వెలిసేదాకా బస్టాపులో ముక్కూమొహం తెలియనివాళ్లు కబుర్లాడుకునే వ్యాసం తీశాను.

"ఆళ్లకి పనుల్లేవేటే?" అంది గౌరమ్మత్త. నువ్వుంటే పడీ పడీ నవ్వేదానివి.

నువ్వు నేర్పిన అక్షరాలే అయినా, కూడబలుక్కుంటూ ఒక్క పేజీ చదివేసరికి మధ్యాహ్నమైంది. సిగ్గేసి తలెత్తాను. నా చేట ఎప్పుడో నిండిపోయింది. గౌరమ్మత్త గోడవారనున్న నీ చేట తెచ్చి నింపుతోంది.

"ఆపీసేవేటే? సదువు," అంది.