వెల్లుల్లి మాడిన వాసన

అక్కా,

ఇక్కడ అందరం కులాసా. నీ బెంగంతా మా అత్తయ్య గురించే కాబట్టి ముందు ఆ కబురే రాస్తున్నాను.

జ్వరం తగ్గినప్పటి నుంచి ఆవిడకు వాసన తెలియడం లేదని చెప్పాను కదా. పాతికేళ్లు హాస్టల్లో వంట చేసిన మనిషి, నాలుగు నెలలుగా వంటింటి గడప తొక్కలేదు. నిన్న కాల్చిన కోడితో పాటు తినడానికి కారంగా పాస్తా చేద్దామనుకున్నాను. ఉడికించి వార్చి, నువ్వుల నూనెలో వెల్లుల్లి, ఎండుమిరపకాయలు వేశాను. సోయాసాస్ సీసా మూత బిగుసుకుపోయింది. దాంతో కుస్తీ పడుతుంటే ముందుగదిలోంచి అత్తయ్య, "వెల్లుల్లి మాడుతోందమ్మాయ్, మంట తగ్గించు" అన్నారు.

నేను తగ్గించలేదు. సీసా పట్టుకుని అలాగే నిలబడిపోయాను. ఆవిడకూ అప్పుడే తట్టినట్టుంది. గుమ్మం దాకా వచ్చి, "ఇప్పుడు నేనేమన్నాను?" అని మెల్లగా అడిగారు. తర్వాత మాడినదంతా తీసేసి, మళ్లీ వెల్లుల్లి తరిగి, సోయా పోసి తనే కలిపారు. సోయా వాసన ఇంకా అందలేదట. తింటూ మా ఆయనతో సహా ముగ్గురం కళ్లు తుడుచుకుని, నెపం కారం మీదకు నెట్టేశాం.

నాన్న కంటి ఆపరేషన్ ఎప్పుడు? పిల్లది నడుస్తోందా? అప్పుడే వేయించిన కాఫీ గింజలు ఓ పొట్లం పంపు. ఇవాళ పొద్దున ఆవిడ నాకంటే ముందే లేచి, టీ డబ్బా ముక్కు దగ్గర పెట్టుకుని కూర్చున్నారు. ఏమైనా తెలిసిందా అని నేను అడగలేదు. తెలిసిన రోజున తనే చెబుతారు.

బావగారికి నమస్కారాలు, పిల్లకు ముద్దులు.

నీ చెల్లి