వసారా దాటని అప్పు

చిన్నోడికి,

ఇల్లు కొన్నప్పుడు నన్ను ఒక్క మాట అడగలేదు. ఆరేళ్లయినా ఆ ముల్లు నాలో అలాగే ఉంది. కిస్తీలు కడుతుంటే రెండేళ్లకో గది మనదైందని, వసారా, ముందుగది, వంటిల్లు వచ్చేశాయని మీ అమ్మ మురిసిపోతోంది. నిన్న ఇక్కడి బ్యాంకులో మన ఇంటి అప్పు కాగితం చూపించి, అమ్మ గదుల లెక్క చెప్పాను. "పెద్దాయనా, కట్టినదాంట్లో ఎక్కువ వడ్డీకే పోయింది. మీరింకా వసారా దాటలేదు" అన్నాడు గుమస్తా.

కిస్తీ తగ్గుతుందని గడువు పెంచుతావా? తడిసి మోపెడవుతుంది. సంతకం పెట్టకు. ఈ గోదాం కాపలా ఇంకో రెండేళ్లు మానను, నా జీతం అసలుకు కట్టు.

అమ్మ మోకాలు ఎలా ఉంది? ఈ సంగతి ఆవిడకు చెప్పకు. తన వంటిల్లు తను తుడుచుకోనీ.

కోడలికి, పిల్లలకు ఆశీస్సులు. సంతకం పెట్టావో లేదో శుక్రవారంలోగా నాకు తెలియాలి.

నాన్న