ఏడో దెబ్బ

మామయ్యగారికి నమస్కారం. మీరు వెళ్లిపోయి పదకొండు నెలలైంది. ఇక్కడ సుజాత, బాబు బాగున్నారు. బాబుకు నడక వచ్చింది. మీరు మరిచిపోయి వెళ్లిన ఎర్ర తువ్వాలు ఈడ్చుకుంటూ ఇల్లంతా తిరుగుతున్నాడు.

మన సీడీ వచ్చింది. ఆ సంగతి చెప్పాలనే రాస్తున్నాను. మీరు ఎదురుగా ఉన్నప్పుడు నేను పెద్దగా మాట్లాడలేదు కదా...

సుజాత పురిటికి అత్తయ్యగారు ఫుజైరా వస్తుంటే మీరు తోడొచ్చారు. బట్టలు ఒక చిన్న సంచిలో కుక్కి, మృదంగం మాత్రం ఒళ్లో పెట్టుకుని దిగారు. నేను పగలంతా ఓడలకు ఆయిలు పోసే కంపెనీలో లెక్కలు రాసేవాణ్ణి. సాయంత్రం పడకగది తలుపేసుకుని గిటారు పట్టేవాణ్ణి. జాజ్ క్యాసెట్లు విని సొంతంగా నేర్చుకున్న చదువు. దానిలో మన రాగాలు కలపాలని ఏళ్లుగా తంటాలు పడుతున్నా ఎవరికీ వినిపించలేదు.

ఒకరోజు మీరు తలుపు తోసుకుని వచ్చి మంచం చివర కూర్చున్నారు. అంతా విని అన్నారు: "ఏవండీ అల్లుడుగారూ, గిటారు చేత కూడా జమాఖర్చు రాయిస్తున్నారేంటండీ? దాన్ని కాస్త ఊపిరి తీసుకోనివ్వండి."

ఆ మాట ఇంకెవరన్నా అని ఉంటే గిటారు అటక ఎక్కేది. మీరంటే నవ్వెందుకొచ్చిందో!

మర్నాటి నుంచి మీరు మృదంగం, నేను గిటారు. నెల తిరిగేసరికి, ఇది రికార్డు చేద్దామని మీరే అన్నారు. షార్జాలో ప్రకటనలకు సంగీతం చేసే నా స్నేహితుడు సలీం, శుక్రవారాలు మైకులు తెచ్చి పెట్టేవాడు. ఏసీ చప్పుడు పడుతుందని ఆపేసేవాళ్లం. ఆగస్టు నెల... గోడలు కూడా చెమట పట్టేవి. "దుబాయ్ అంటే అంతా చల్లగా ఉంటుందన్నారు. ఇక్కడ మనుషుల్ని ఇడ్లీల్లా ఉడకబెడుతున్నారు కదండీ" అంటూనే మీరు శ్రుతి సరిచేసుకునేవారు.

వేరే గదిలో హెడ్‌ఫోన్ పెట్టుకుని వాయిస్తే ఎవరి తప్పు వాళ్లం విడిగా దిద్దుకోవచ్చని సలీం ఎంతో చెప్పాడు. మీరు వినలేదు. "ఎదుటి మనిషి మొహం కనపడకుండా వాయిస్తే అది మృదంగం కాదండి, తలుపు కొట్టడం." అందుకే ఎదురెదురుగా కూర్చున్నాం. నా మైకులో మీరు, మీ మైకులో నేను.

చివరి పాట మిశ్రచాపులో. ఏడు దెబ్బల తాళం, నాకెప్పుడూ భయమే. అది అయ్యాక మీరు తువ్వాలుతో మొహం తుడుచుకుని, మజ్జిగ అడిగి, నా వైపు చూసి నవ్వారు. "ఇది ఇలాగే ఉంచండి అల్లుడుగారూ. ఇందులో ఇద్దరం ఉన్నాం." బాగా వాయించానని మెచ్చుకున్నారనుకున్నాను. పది రోజుల్లో వీసా అయిపోయి మీరు మండపేట వెళ్లారు. ఆ చలికాలంలోనే...

తరువాత చాలాకాలం ఆ పాటలు వినలేకపోయాను. మొన్న వేసవిలో సలీం పిలిచి కంప్యూటర్లో చూపించాడు. మిశ్రచాపు పాట మధ్యలో, ఆరో దెబ్బ కాగానే పల్లవి ఎత్తేసుకున్నాను. ఒక దెబ్బ ముందు! ఆ ఏడో దెబ్బను మీరు మింగేసి, నాతోపాటే సమం మీద, తాళం మొదటి దెబ్బ మీద పడ్డారు. ఎక్కడా తడబడలేదు. మళ్లీ మళ్లీ విన్నాను. తప్పు నాదని తెలిశాక కూడా చెవికి అందలేదు.

అప్పుడు గుర్తొచ్చింది, హరికథలకు వాయించిన రోజుల గురించి మీరు చెప్పిన మాట. "దాసుగారు తాళం తప్పితే ఆ సంగతి జనానికి తెలియకూడదు. వీలైతే దాసుగారికీ తెలియకూడదు."

సలీం ఇంకో మృదంగం ఆయన్ని పిలిచి పాట మొత్తం కొత్తగా చేద్దామన్నాడు, ఒక పూటలో ఖలాస్ అన్నాడు. ఒకరి మైకులో ఒకరం ఉన్నాం కాబట్టి గిటారు ఒక్కటే దిద్దడం కుదరదు. నా తప్పు తీసేయాలంటే మిమ్మల్ని తీసేయాలి. వారం రోజులు ఆలోచించాను. నలుగురి చేతుల్లోకి వెళ్లే మొదటి సీడీ, దానిలో తప్పు ఉండటమా? లెక్కలవాణ్ణి కదా, నిద్ర పట్టలేదు. చివరికి, ఉంచమని సలీంతో చెప్పాను. మీరు ఉంచమన్నారు కదా.

పోయిన శుక్రవారం షార్జాలో మనవాళ్లు చిన్న సభ పెట్టారు. డ్రమ్స్ మీద కేరళ ఆయన కూర్చున్నాడు, మంచి చెయ్యి. మిశ్రచాపు పాటలో ఆయన దారి తప్పాడు. ఒకప్పుడైతే నేనూ ఆగిపోయేవాణ్ణి. ఈసారి ఆయన మొహం చూస్తూ ఒకే స్వరం మీద నిలబడ్డాను... సాగదీశాను... ఆయన వచ్చి కలిశాడు. జనం తలలు ఊపుతూనే ఉన్నారు. ముందు వరసలో సుజాతకూ తెలియలేదు.

వేదిక దిగాక ఆయన నా చెయ్యి పట్టుకుని, ఈరోజు మనకు భలే కుదిరిందని సంబరపడ్డాడు. అవునన్నాను.

ఆయనకు ఎప్పటికీ చెప్పను మామయ్యగారూ.

మీ అల్లుడు