అనిత చదివిన పేజీ

సుగుణక్కా,

నువ్వు పోయి నేటికి ఏడాది. రేగొండ దగ్గరి మన బడిలో నీ తరగతికి ఇప్పుడు నేనే టీచర్‌ని. నువ్వు రోజూ పక్కన కూర్చోబెట్టుకుని గొంతెత్తి చదివించిన తండా పిల్ల అనితను, ఇవాళ తనిఖీకి వచ్చిన అధికారి చదవమన్నాడు. ఫోన్‌లో నిమిషం టైం పెట్టాడు. పిల్ల ఒక్కో పదం కూడబలుక్కుంటుంటే నవ్వి, "చదవడం రాదు" అని రాసుకున్నాడు.

నాకు ఒళ్లు మండింది. "సార్, ఇంట్ల లంబాడీ మాట్లాడే పిల్ల. పేజీ అయ్యేదాక జర ఆగుండ్రి," అన్నాను.

"టైం లేదమ్మా," అంటూ లేచాడు.

తలుపుకు అడ్డంగా నిలబడ్డాను. "సదువు బిడ్డా!"

అనిత పేజీ చివరిదాకా చదివింది. ఆయన రాసింది దిద్దకుండానే వెళ్లిపోయాడు. నేనింకా కోపంతో ఊగిపోతుంటే, పిల్ల నిలబడే ఉంది.

"టీచర్, ఇంకో పేజీ సదువాల్నా?"