పైకోర్టు లేని ఇల్లు

సుజాతా,

మన శ్రావ్య కాలేజీ వాదనల పోటీకి అమెరికా కేసు తీసుకుంది. నిన్న మన టోవా పాయో పేటలో కాఫీ తాగుతూ నాకు వివరించింది. రాష్ట్ర కోర్టు తీర్పు మీద ఫెడరల్ సుప్రీంకోర్టుకి వెళ్లాలంటే, ముందు ఆ రాష్ట్రంలోని ఆఖరి కోర్టు దాకా పోరాడాలట. అక్కడ ఎత్తని అభ్యంతరాన్ని పైన కొత్తగా ఎత్తకూడదట.

నాకు నవ్వొచ్చింది. నేను కాదన్నవాటి కోసం శ్రావ్య నీ దగ్గరికొస్తే, "ఈ మాట నాన్నతో అన్నావా? ముందు అక్కడ తేల్చుకుని రా" అనేదానివి.

ఇంటికొచ్చాక పిల్లిని పెంచుకుంటానంది. వద్దన్నాను.

"అప్పీలుకి అమ్మ లేదుగా నాన్నా! నీదే ఫైనల్ జడ్జిమెంట్."

నిజమే, నన్ను దిద్దడానికి పైన ఎవరూ లేరు. అందుకే దాని వాదన మొదటినుంచీ మళ్లీ విన్నాను.

పిల్లి ఆదివారం వస్తోంది. నువ్వైతే ఏం పేరు పెట్టేదానివో ఆలోచిస్తున్నాను.