నవ్వును సినిమా తీసిన రత్నమన్నకు

రత్నమన్నా, బాగున్నావా? నువ్వు పోయి మొన్న ఆదివారానికి ఎనిమిది నెలలు. వదిన, పిల్లలు నంద్యాలలోనే ఉన్నారు. నేను ఆళ్లగడ్డ బడిలోనే పాఠాలు చెబుతున్నాను. అందరం తింటున్నాం, తిరుగుతున్నాం... నవ్వడమే కొంచెం మరిచిపోయాం.

నీ డాక్యుమెంటరీలే గుర్తొస్తున్నాయి. ఎండిపోయిన బావులు, పనుల కోసం ఊరొదిలి సుగ్గికి పోయే కూలీలు... కెమెరా భుజాన వేసుకుని ఎన్ని ఊళ్లు తిరిగావో! తీసినవి మళ్లీ ఆ ఊళ్లకే తెచ్చి, బడి గోడకు తెల్లదుప్పటి కట్టి చూపించేవాడివి. సెలవుల్లో నీ వెంట నేనూ.

ఎమర్జెన్సీ పోయిన మరుసటి ఏడు, ఉయ్యాలవాడలో రీలు ఇరుక్కుంది. జనం లేచిపోతారని నీ భయం. "ఏమ్మే సుగుణా, ఊరికే నిలబడినావేంది? ఏందో ఒగటి మాట్లాడు పో," అన్నావు.

నాకేం తెలుసు మాట్లాడడం? అప్పుడే చూసిన సినిమానే మన యాసలో అప్పజెప్పాను. "నీటిని పొదుపుగా వాడవలెను అంటాండాడు గదా సినిమాలో ఆయప్ప... మొదలు నీళ్లు యాడుండాయో చూపియ్యమనండప్పా, పొదుపు తర్వాత చేస్తాం!" జనం విరగబడి నవ్వారు. నువ్వు నవ్వలేదు. రీలు సంగతి మరిచి నన్నే చూస్తూ నిలబడ్డావు. నీ పనిని ఎగతాళి చేశానని కోపమొచ్చిందేమోనని తిరుగు బస్సులో నీకు దూరంగా వెనక సీట్లో కూర్చున్నాను.

బస్సు దిగాక అన్నావు, "ఇన్నేండ్లు జనాల కష్టం తీసినా మే. వాళ్ల నవ్వు గూడా నిజమే గదా? ఇంగ అది తీస్తా."

ఒక్క మనిషి, ఒక్క మైకు, గంటసేపు. డోన్‌లో గొప్పలు చెప్పి నవ్వించే పిట్టలదొర వేషగాణ్ణి తీశావు. తర్వాత ఊరందరి గొంతులూ పలికే ఒక దర్జీని. మూడోది నన్ను.

ఆడది నలుగురిలో నిలబడి నవ్విస్తే నవ్వులపాలేనని మా అత్త అన్నం మానేసింది. నువ్వొచ్చి ఆమెతో ఏదో మాట్లాడావు. అంతే, నన్ను తీసే రోజు నంద్యాల బడి హాల్లో ముందు వరసలో వచ్చి కూర్చుంది! ఏం చెప్పావన్నా? ఆమె ఈ రోజుకీ చెప్పదు...

మైకు ముందు నిలబడగానే అనుకున్నవన్నీ మరిచిపోయాను. ఫిల్ము తిరుగుతూనే ఉంది. కెమెరా వెనక నుంచి నీ గొంతు, "భయమేంది మే? నన్ను చూడాకు. మీ అత్తను చూసి మాట్లాడు."

చూశాను. ఆళ్లగడ్డ బస్సులో సీటు కోసం ఆమె చేసే యుద్ధమే చెప్పడం మొదలుపెట్టాను. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. తర్వాత భుజాలు కదిలాయి. తర్వాత హాలంతా...

మద్రాసులో కొందరు అది డాక్యుమెంటరీ కాదన్నారు. ఇంకొందరు అసలు సినిమానే కాదన్నారు. నువ్వు మాత్రం గుండె ఆగేదాకా ఊరూరూ తిప్పి చూపించావు. నా సినిమా వేసినప్పుడల్లా నేను సిగ్గుతో బయటికి పోయేదాన్ని.

పోయిన నెల నేనూ అత్తా నంద్యాల పోతే, వదిన నీ రీళ్ల పెట్టె తీసి, తనే ప్రొజెక్టర్ నడిపింది. నా సినిమా మొదటిసారి పూర్తిగా చూశాను. నువ్వు తీస్తే బొమ్మ రాయిలా నిలుస్తుందని పేరు కదా... అత్త బస్సు కథ దగ్గర తెర మీద నా బొమ్మ అదిరిపోతోంది. ఫిల్ము పాడైందనుకున్నాను. వదిన మెల్లగా చెప్పింది, అది కెమెరా వెనక నీ నవ్వని. ఆరోజు టేప్ రికార్డర్ పట్టుకుని నీ పక్కనే ఉంది కదా, చూసిందట. కెమెరా పట్టుకుని ఆపుకోలేక ఊగిపోయావట.

ఎందుకు చెప్పలేదన్నా? నా మాటలు నీకు నచ్చాయో లేదోనని ఇన్నేళ్లూ...

ముగ్గురం ఏడ్చాం. అత్త కూడా. తర్వాత అదే రీలు మళ్లీ వేసుకుని నవ్వాం.

ఆ సినిమా చూసి పిలిచిన ఊళ్లలో మాట్లాడుతూ వచ్చినదాన్ని, నువ్వు పోయాక మైకు పట్టలేదు. బండి ఆత్మకూరు మహిళా మండలి వాళ్లు రెండుసార్లు పిలిచినా పోలేదు. ఇప్పుడు వస్తానని కార్డు రాశాను. శనివారం పొద్దున బస్సుకు బయలుదేరుతున్నాం. వదిన వస్తోంది. అత్త కూడా. కోడలిగా తను పడిన పాట్లు చాలా ఉన్నాయట, అవి నేను చెబితే రుచి ఉండదట, తనే చెబుతుందట!

అత్తకు మైకు ఇస్తాను, అన్నా. ఎంతసేపు మాట్లాడినా లాక్కోను. మాటిస్తున్నాను.

నీ చెల్లెలు,
సుగుణ